కొడుకు లేని సీన్‌లో ఆవిడ ఏం చేస్తుంది? సినిమాల్లో పెద్ద వయసు ఆడవాళ్ల గురించి ఒక ప్రశ్న

చివరి_వరుస:

చాలా రోజుల నుంచి ఒక విషయం బుర్రలో తిరుగుతోంది, ఇక్కడ సినిమాలు శ్రద్ధగా చూసేవాళ్లు ఉన్నారు కాబట్టి అడుగుతున్నాను. యాభై దాటిన ఆడవాళ్లకి సినిమాల్లో చోటే లేదని తరచూ వింటుంటాం కదా. నాకైతే అది సగమే నిజం అనిపిస్తుంది. అమ్మ లేని సినిమాలు ఎన్నున్నాయి చెప్పండి? అమ్మ, నానమ్మ, అత్తగారు, వీళ్లకేం లోటు లేదు. కాకపోతే కొడుకు ఇంట్లోకి రాగానే ఆవిడకి ప్రాణం వస్తుంది, వాడు బండెక్కి వెళ్లిపోగానే కెమెరా కూడా వాడి వెంటే పోతుంది. ఆ తర్వాత ఆవిడ ఏం చేసింది, ఎవరితో మాట్లాడింది, దేనికి నవ్వుకుంది, మనకి తెలియదు. కొడుకు లేని సీన్ ఆవిడకి ఒక్కటైనా ఉందా అని ఈమధ్య చూడటం మొదలుపెట్టాను, అప్పటి నుంచి ఏ సినిమా చూసినా మనశ్శాంతి లేదు.

ఇంకోటి వయసుల గోల. మదర్ ఇండియా (1957)లో తల్లీకొడుకులు నర్గీస్, సునీల్ దత్. ఇద్దరూ పుట్టింది 1929 జూన్‌లోనే, మరుసటి ఏడాది పెళ్లి కూడా చేసుకున్నారు. అందులో ఆవిడ పాత్ర కొత్త పెళ్లికూతురి నుంచి ముసలితనం దాకా సాగుతుంది కాబట్టి సరేలే అనుకోవచ్చు. మరి ది మంచూరియన్ క్యాండిడేట్ (1962)లో కొడుకు లారెన్స్ హార్వే కన్నా తల్లి ఏంజెలా లాన్స్‌బరీ మూడేళ్లే పెద్ద. అలెగ్జాండర్ (2004)లో కొలిన్ ఫారెల్‌కి తల్లి ఏంజెలినా జోలీ, తేడా ఏడాది కూడా నిండదు. ది గ్రాడ్యుయేట్ (1967)లో కుర్రాడిని వల్లో వేసుకునే పెద్దావిడగా చేసిన ఆన్ బాన్‌క్రాఫ్ట్‌కి అప్పటికి 40 కూడా లేవు, ఆ కుర్రాడు డస్టిన్ హాఫ్‌మన్ ఆవిడకన్నా చిన్నవాడే గానీ ఆరేళ్లే.

నా ప్రశ్నలు రెండు. ఇది తీసేవాళ్ల తప్పా, చూసే మన తప్పా? రెండోది, పెద్దావిడ తన కోసం తాను ఏదైనా కోరుకునే సినిమాలు చెప్పండి. హీరోకి నీతి చెప్పి చనిపోయేవి వద్దు. పూర్తిగా జబ్బు మీదే నడిచేవి కూడా ప్రస్తుతానికి వద్దు, అవి చాలా చూశాను.

పాత_రీలు:

మీరు బయట సినిమాల దాకా వెళ్లక్కర్లేదండి. గుండమ్మ కథ (1962) ఉంది కదా. సూర్యకాంతం గారు పుట్టింది 1924 అక్టోబరులో. ఎన్టీఆర్ 1923, ఏఎన్నార్ 1924 సెప్టెంబరు. అంటే సినిమాలో ఇద్దరు అల్లుళ్లూ అత్తగారికన్నా పెద్దవాళ్లు! సినిమా వచ్చేనాటికి ఆవిడకి 38 కూడా నిండలేదు. ఆ వయసు హీరోయిన్లని ఇవాళ మనం ఇంకా పాటల్లో చూస్తున్నాం.

అయితే నేను చెప్పాలనుకున్నది వేరు. గయ్యాళి అత్త పాత్రలని అందరూ తిడతారు, ఆడదానికి ఆడదే శత్రువు అని చూపించారని. తిట్టాల్సిందే, కాదనను. కానీ మీరన్న కొడుకు లేని సీన్ అనే కొలత పెట్టి చూస్తే ఆ గయ్యాళులు ఇవాళ్టి దేవత లాంటి అమ్మలకన్నా ఎంతో మెరుగు. గుండమ్మకి కోరికలున్నాయి. ఆస్తి చేజారకూడదు, ఇంట్లో తన మాటే నెగ్గాలి, సవతి కూతురు పనిమనిషిలా పడి ఉండాలి, సొంత కూతురికి గొప్పింటి సంబంధం రావాలి. ఆవిడ ఎత్తు వేస్తేనే కథ కదులుతుంది, చివర్లో ఆవిడకి బుద్ధి చెప్పడానికి ఇంకో గయ్యాళిని ఛాయాదేవి రూపంలో దింపాల్సి వచ్చింది. సినిమా పేరు కూడా ఆవిడదే, ఆ పోస్టర్ మీద ఇద్దరు అగ్రహీరోలుండగా! ఆ తర్వాత అమ్మలు మంచివాళ్లయ్యారు, మంచివాళ్లయ్యాక వాళ్లకి కావాల్సిందేమీ లేకుండా పోయింది. కొడుకు బాగుండాలి, అంతే. కావాల్సిందేమీ లేని మనిషికి సీన్ ఎలా రాస్తారు?

మంగమ్మగారి మనవడు (1984) కూడా ఈ లెక్కలో వేసుకోవచ్చు. భానుమతి గారు నానమ్మగా వేసినా ఆవిడ సర్దుకుపోయే రకం కాదు, పౌరుషం అంతా ఆవిడదే. అసలు ఆ గొంతుని పక్కన పెట్టి సీన్ నడిపే ధైర్యం ఎవరికుంటుంది లెండి.

నిజం_చెప్తా:

మగవాళ్లకీ అంతేగా? అదే గుండమ్మ కథలో ఎన్టీఆర్‌కి, ఏఎన్నార్‌కి తండ్రి ఎస్వీ రంగారావు. ఆయన పుట్టింది 1918లో. ఎన్టీఆర్ కన్నా ఐదేళ్లే పెద్ద. మేకప్ వేసుకుని ముసలివేషం కట్టడం నటులకి మామూలే. ప్రతిదాన్నీ ఆడా మగా లెక్కలోకి లాగడం ఎందుకో నాకు అర్థం కాదు.

పాత_రీలు:

భలే ఉదాహరణ ఇచ్చారు, నాకే పనికొస్తుంది. 1962లో ఎస్వీఆర్ సావిత్రికి మామగారు. 1963లో నర్తనశాలలో అదే సావిత్రి ద్రౌపది, ఆయన కీచకుడు, ఆవిడ మీద మనసుపడి ప్రాణం మీదికి తెచ్చుకునేవాడు. ఆ పాత్రకే జకార్తాలో ఆఫ్రో-ఏషియన్ ఫిలిం ఫెస్టివల్‌లో ఉత్తమ నటుడి బహుమతి కూడా వచ్చింది. అంటే తండ్రి వేషం ఆయనకి ఇంకే తలుపూ మూయలేదు. తెల్ల విగ్గు తీసేసి మళ్లీ మోహించే మగాడు అయిపోయాడు, ఎవరూ ఇబ్బందిపడలేదు. ఒకసారి తల్లి వేషం వేసిన నటిని మరుసటి ఏడాది అలా చూపించిన సినిమా మీరొకటి చెప్పండి. హాలీవుడ్ నటి శాలీ ఫీల్డ్ సంగతి చూడండి, పంచ్‌లైన్ (1988)లో టామ్ హాంక్స్ ఆవిడని ప్రేమిస్తాడు, ఆరేళ్లు తిరిగేసరికి ఫారెస్ట్ గంప్ (1994)లో ఆవిడ అతనికి తల్లి. ఆవిడ పెద్దది పదేళ్లే. ఈ దారి ఎప్పుడూ ఒకవైపే నడుస్తుంది.

సీన్_పేపర్:

మొదటి ప్రశ్నకి లోపలి నుంచి కొంచెం చెప్తాను. కొన్నాళ్లు డైరెక్షన్ డిపార్ట్‌మెంట్‌లో పనిచేశాను, సినిమాల పేర్లు వద్దులెండి.

ఎవరో కూర్చుని పెద్దావిడలని తొక్కేద్దాం అనుకోరు. లెక్కే అలా ఉంటుంది. డబ్బు వచ్చేది హీరో మార్కెట్ మీద. శాటిలైట్, ఓటీటీ రేటు ఆయన పేరు మీదే తెగుతుంది. ఆయనకి అరవై దగ్గర పడినా పాత్రకి మాత్రం 35. పాత్రకి 35 కాబట్టి తల్లికి 55 దాటకూడదు. అంటే నిజజీవితంలో హీరోకన్నా చిన్నదైన నటిని తల్లిగా తీసుకోవాల్సి వస్తుంది. హీరోయిన్‌కి 25, ఎందుకంటే అంతకన్నా పెద్దదైతే ఆయన వయసు బయటపడుతుంది. హాలీవుడ్ నటి మ్యాగీ జిలెన్‌హాల్ 2015లో చెప్పింది కదా, 37 ఏళ్లకే 55 ఏళ్ల నటుడికి ప్రియురాలిగా వేయడానికి వయసు ఎక్కువైందన్నారని. అక్కడా ఇదే లెక్క. హీరో వయసు దాచడానికి చుట్టూ ఉన్న ఆడవాళ్లందరి వయసులూ అటూ ఇటూ జరుపుతారు.

ఇక రాత. సీన్ పేపర్ మీద ఆవిడ పేరు ఉండదు, "హీరో మదర్" అని ఉంటుంది. షెడ్యూల్ వేసేటప్పుడు హీరోతో కాంబినేషన్ ఉన్న రోజులే ఆవిడకి పడతాయి. విడిగా ఆవిడ ఒక్కతే ఉన్న సీన్ రాసినా, దాని కోసం ఒక రోజు యూనిట్‌ని నిలబెట్టడం దండగ అంటారు. పోనీ తీశారే అనుకోండి, ఎడిటింగ్‌లో నిడివి ఎక్కువైందంటే మొదట ఎగిరేది అదే. ల్యాగ్ అంటారు. ఆవిడ డైలాగు పోతుంది, కళ్లు తుడుచుకునే రియాక్షన్ షాట్ మాత్రం మిగులుతుంది.

ఒక సీనియర్ నటి, తల్లి వేషానికి వచ్చారు. మొదటిరోజే అడిగారు, ఈవిడ ఇంతకుముందు ఏం పని చేసేదండీ అని. ఎవరి దగ్గరా సమాధానం లేదు. "అమ్మ అండీ, అమ్మంతే" అన్నారు మా డైరెక్టర్ నవ్వుతూ. ఆవిడ ఏమీ అనలేదు, మేకప్ రూమ్‌లోకి వెళ్లి కుడిచేతి బొటనవేలికీ చూపుడువేలికీ కొంచెం సిరా మరక పెట్టించుకుని వచ్చారు. ఏదో ఆఫీసులో ఏళ్ల తరబడి లెక్కలు రాసిన మనిషి అన్నమాట. స్క్రిప్టులో ఎవరూ ఇవ్వని ఉద్యోగం ఆవిడే ఇచ్చుకున్నారు. సినిమాలో ఆ మరక ఎక్కడా కనపడదు. ఆవిడ చేతులు ఫ్రేములోకి వచ్చింది కొడుకు తల నిమిరేటప్పుడు ఒక్కసారే, అప్పుడు కూడా ఫోకస్ వాడి మొహం మీదే.

చూసేవాళ్ల తప్పా అంటే, బధాయీ హో (2018) ఆడింది కదా! పెళ్లీడుకొచ్చిన కొడుకున్న తల్లి గర్భవతి అవుతుంది, అదే కథ. జనం చూడరన్న మాట ఎక్కువగా తీయడం ఇష్టం లేనివాళ్లే అంటారు.

అద్దం:

బధాయీ హో మాట వచ్చింది కాబట్టి. అందులో తల్లిగా వేసిన నీనా గుప్తా 2017లో సోషల్ మీడియాలో నేను మంచి నటిని, మంచి పాత్రలు కావాలి అని బహిరంగంగా రాసుకున్నాకే ఆవిడకి ఆ దశ మొదలైంది. అంత పేరున్న మనిషి అలా అడగాల్సి రావడమేమిటి? అందులో ఆవిడ భర్తగా వేసిన గజరాజ్ రావు ఆవిడకన్నా పదేళ్లకు పైగా చిన్నవాడు, ఒక్కరికీ తేడా తెలియలేదు, కాబట్టి కావాలనుకుంటే అటువైపు కూడా లెక్క కుదురుతుందన్నమాట. నాకు అందులో అన్నింటికన్నా నచ్చింది సురేఖా సిక్రీ. కోడలిని సాధిస్తూ వచ్చిన ముసలావిడ, పెళ్లిలో చుట్టాలందరూ కోడలిని ఎగతాళి చేస్తుంటే ఒక్కసారిగా వాళ్ల మీద తిరగబడుతుంది. ఆ పాత్రకి జాతీయ అవార్డు వచ్చింది, రావాల్సిందే.

మరుసటి ఏడాదే సాండ్ కీ ఆంఖ్ (2019). అరవై దాటాక తుపాకీ పట్టి షూటింగ్‌లో పతకాలు కొట్టిన ఇద్దరు నిజమైన ముసలమ్మల కథ. వాళ్లుగా వేసింది ఎవరు? తాప్సీ, భూమి పెడ్నేకర్. ముప్పై, ముప్పై రెండేళ్ల వాళ్లకి తెల్లజుట్టు, మొహం మీద గీతలు. కనీసం మా వయసు పాత్రలైనా మాతో చేయించండయ్యా అని నీనా గుప్తా అప్పుడు ట్వీట్ చేసింది. కథ నిండా ఇద్దరు పెద్దవాళ్లే ఉన్నా వాళ్ల వయసు నటికి పని దొరకలేదు, ఇంతకన్నా ఏం చెప్పాలి.

మన ఓ బేబీ (2019)తో కూడా నాకు ఇదే పేచీ. కొరియన్ మిస్ గ్రానీకి రీమేక్. 70 ఏళ్లావిడకి తనకంటూ బతకాలని ఉంది, ఎంత మంచి పాయింట్! కానీ బతకాలంటే ముందు ఆవిడ కుర్రపిల్లగా మారి సమంత అయిపోవాలి. లక్ష్మి గారిలాంటి నటిని పెట్టుకుని కాసేపటికే పక్కకి జరిపేశారు. నవ్వాను, ఏడ్చాను, సినిమా నాకు ఇష్టమే, అయినా ఆ పాటలు పాడే పిల్ల స్థానంలో లక్ష్మి గారే ఉంటే ఎలా ఉండేదో అన్న ఆలోచన మాత్రం వదల్లేదు.

రెండు_టిక్కెట్లు:

రెండో ప్రశ్నకి నా లిస్టు. పెద్ద సినిమా పిచ్చోడిని కాబట్టి కొంచెం పొడుగవుతుంది.

అన్నిటికన్నా ముందు పొయెట్రీ (2010), కొరియన్, లీ చాంగ్-డాంగ్ తీసింది. మీజా అని 66 ఏళ్లావిడ, ఒక ముసలాయనకి సేవ చేసే పని చేస్తూ మనవడిని పెంచుతుంటుంది, కవిత్వం క్లాసులో చేరుతుంది. మనవడూ వాడి స్నేహితులూ కలిసి ఒక అమ్మాయి మీద చేసిన దారుణం వల్ల ఆ పిల్ల ఆత్మహత్య చేసుకుంటుంది. కుర్రాళ్ల తండ్రులంతా డబ్బిచ్చి సర్దుకుందామని ఆ పిల్ల తల్లిని ఒప్పించడానికి మీజాని పంపుతారు, ఆడమనిషివి కదా నువ్వైతే నయం అని. ఈవిడ పొలం గట్ల మీద నడుస్తూ రాలిపడిన ఆప్రికాట్ పండు తీసుకుని చూస్తుంది, నోట్‌బుక్‌లో ఏదో రాసుకుంటుంది. పొలంలో ఆ తల్లి ఎదురవుతుంది. మీజా ఆవిడతో పళ్ల గురించి, చుట్టూ ఎంత బాగుందో దాని గురించి హాయిగా మాట్లాడి వెనక్కి తిరుగుతుంది. నాలుగడుగులు వేశాక మొహం మారిపోతుంది, అసలు ఏం మాట్లాడటానికి వచ్చిందో అప్పుడు గుర్తొస్తుంది. ఆవిడకి అప్పటికే మతిమరుపు జబ్బు మొదలైంది. మీరు జబ్బు సినిమాలు వద్దన్నారు గానీ ఇది జబ్బు సినిమా కాదు, మీజా ఏం చూస్తోంది, ఏం తేల్చుకుంటుంది అన్నదే సినిమా. మనవడు ఇంట్లో ఉన్నా కెమెరా ఆవిడతోనే ఉంటుంది.

లిప్‌స్టిక్ అండర్ మై బుర్ఖా. 2017 మొదట్లో సెన్సార్ వాళ్లు సర్టిఫికెట్ ఇవ్వం పొమ్మంటే పైకి అప్పీలు చేసుకుని బయటికి వచ్చింది. రత్నా పాఠక్ షా అందులో 55 ఏళ్ల విధవరాలు. ఊరందరికీ బువాజీ, అంటే మేనత్త. శృంగారం నవలలు చాటుగా చదువుకుంటుంది. ఈత నేర్పే కుర్రాడు పేరేంటని అడిగితే ఒక్క క్షణం తడుముకుంటుంది, అంతకాలమైంది ఆ పేరుతో ఎవరైనా పిలిచి. సీన్_పేపర్ గారు చెప్పిన "హీరో మదర్" చదవగానే నాకు ఇదే గుర్తొచ్చింది.

గ్లోరియా (2013), చిలీ సినిమా, సెబాస్టియన్ లెలియో. విడాకులైన, పిల్లలు పెద్దవాళ్లైపోయిన 58 ఏళ్లావిడ డాన్స్ క్లబ్బుకి వెళ్తుంది, ఒకడిని ప్రేమిస్తుంది, వాడు మోసం చేస్తే పెయింట్‌బాల్ తుపాకీతో వాడి ఇంటి మీద రంగులు కొడుతుంది! పౌలీనా గార్సియాకి బెర్లిన్‌లో ఉత్తమ నటి బహుమతి వచ్చింది. అదే దర్శకుడు జూలియన్ మూర్‌తో ఇంగ్లీషులో మళ్లీ తీశాడు, మొదటిదే చూడండి.

అక్వేరియస్ (2016), బ్రెజిల్, సోనియా బ్రాగా, అపార్ట్‌మెంట్ అమ్మనని బిల్డర్‌కి ఎదురు నిలబడే 65 ఏళ్లావిడ. మై ఫేవరెట్ కేక్ (2024), ఇరాన్, 70 ఏళ్ల వితంతువు తన ఒంటరితనానికి తానే మందు వెతుక్కుంటుంది, దర్శకులిద్దరినీ బెర్లిన్ వెళ్లనివ్వకుండా దేశంలోనే ఆపేశారు. కాస్త పాతదైతే జర్మన్ దర్శకుడు ఫాస్‌బిండర్ తీసిన అలీ: ఫియర్ ఈట్స్ ద సోల్ (1974). ఇళ్లూ ఆఫీసులూ తుడిచే ముసలావిడ, తనకన్నా బాగా చిన్నవాడైన మొరాకో కార్మికుడిని పెళ్లి చేసుకున్నానని పిల్లలకి చెప్తే ఒక కొడుకు లేచి కాలితో టీవీ పగలగొడతాడు. మీకు కొడుకు లేని సీన్లు కావాలి కదా, ఇందులో కొడుకు ఉన్న ఈ సీన్ కూడా చూడాల్సిందే.

నిజం_చెప్తా:

లిస్టు బాగుంది కానీ అన్నీ ఫెస్టివల్ సినిమాలే. వయసు మళ్లిన స్టార్ మళ్లీ కుర్రదనం కోసం మందు వేసుకునే ది సబ్‌స్టాన్స్ (2024) వదిలేశారేం? డెమి మూర్‌కి గోల్డెన్ గ్లోబ్ వచ్చింది, అందరూ చూశారు కూడా.

అద్దం:

అది సగం వరకే నాకు. డేట్‌కి తయారైన ఆవిడ తలుపు దాకా వెళ్లడం, మళ్లీ అద్దం దగ్గరికి రావడం, లిప్‌స్టిక్ సరిచేయడం, చెరపడం, ఇంకోసారి పెట్టుకోవడం, చివరికి మొహమంతా కసిగా రుద్దేసుకుని వెళ్లకుండా ఉండిపోవడం, ఆ సీన్ ఒక్కటీ చాలు. అక్కడ ఆవిడని ఎవరూ ఏమీ అనడం లేదు చూడండి, గదిలో ఇంకో మనిషే లేడు. కానీ తర్వాత ఆ ముసలి ఒళ్లునే భయపెట్టే వస్తువు చేశారు. వాట్ ఎవర్ హ్యాపెన్డ్ టు బేబీ జేన్ (1962) నుంచి హాలీవుడ్‌కి ఇదో అలవాటు, వయసు మళ్లిన స్టార్ నటికి పని ఇవ్వాలంటే ఆవిడని భూతంగా చూపిస్తేనే ఇస్తాం అన్నట్టు. దానికి విరుగుడుగా గుడ్ లక్ టు యూ, లియో గ్రాండ్ (2022) చూడండి. అందులోనూ అద్దం ఉంది, 60 దాటిన ఎమ్మా థాంప్సన్ ఒంటి మీద నూలుపోగు లేకుండా దాని ముందు నిలబడి తనని తాను చూసుకుంటుంది, మొహంలో సిగ్గూ లేదు, గర్వమూ లేదు, ఊరికే చూసుకుంటుందంతే.

చివరి_వరుస:

ఇంత వస్తుందనుకోలేదు, అందరికీ థాంక్స్. పాత_రీలు గారు అన్న "కావాల్సిందేమీ లేని మనిషి" మాట దగ్గర ఆగిపోయాను, నేను ఇన్నాళ్లూ వెతుకుతున్నది అదే. సిరా మరక సంగతి చదివి కోపం వచ్చింది, అది వేరే విషయం.

ఒక చిన్న ప్రశ్న. సినిమాల్లో ఆడవాళ్లని ఎలా చూపిస్తున్నారో పరిశీలించే గీనా డేవిస్ ఇన్‌స్టిట్యూట్ వాళ్లది ఏజ్‌లెస్ టెస్ట్ అని ఒకటుంది. యాభై దాటిన స్త్రీ పాత్ర కనీసం ఒకటి ఉండాలి, ఆ పాత్ర కథకి అవసరమైనదై ఉండాలి, ముసలివాళ్లంటే ఇంతే అనే మూసలో ఉండకూడదు. మన అమ్మ పాత్రలు మొదటి రెండూ సులువుగా పాసైపోతాయి, అమ్మకి జబ్బు చేస్తేనే కదా సెకండాఫ్ నడిచేది. అందుకే నాకు కొడుకు లేని సీన్ అనేదే ఇంకా గట్టి కొలత అనిపిస్తోంది. ఏమంటారు? ఇంకోటి, ఈ లిస్టులో మా అమ్మతో కలిసి చూడగలిగేది ఏది? ఆవిడకి సబ్‌టైటిల్స్ చదవడం విసుగు.

సీన్_పేపర్:

కొలత మంచిదే గానీ దాన్ని కూడా మోసం చేయొచ్చు. ఆవిడని ఒక్కదాన్నే కూర్చోబెట్టి కొడుకు ఫొటో చేతికిస్తే సీన్‌లో కొడుకు లేనట్టా, ఉన్నట్టా? మా దగ్గర అలాంటివి చాలా తీశాం.

అమ్మగారితో అయితే కేరాఫ్ కంచరపాలెం (2018) పెట్టండి, తెలుగే కాబట్టి సబ్‌టైటిల్స్ గొడవ లేదు. రాధ పాత్రకి 42, మీరడిగిన వయసుకి కొంచెం తక్కువే, కానీ భర్త పోయిన, ఎదిగిన కూతురున్న ఆఫీసరమ్మ తన కింద పనిచేసే 49 ఏళ్ల బ్రహ్మచారిని ఇష్టపడి, ఆ మాట తనే ముందుకు తెస్తుంది. హిందీ ఫరవాలేదంటే బధాయీ హో. లిప్‌స్టిక్ మాత్రం ముందు మీరొక్కరే చూసి, ఆ తర్వాత మీ ఇష్టం.